తమ్సీల్ అంటే అబద్ధం కాదు

ఆ జపాను పిల్లను నేను చూడకముందు విన్నాను. కువైట్‌లో రుమైథియా నుంచి బడికి పొద్దునపూట ఆరో రింగు రోడ్డు మీద ముప్పావుగంట పడుతుంది. వెనక సీట్లో నేను డ్రైవరుగా ఉన్న ఇంటి అమ్మాయి ఫోనులో జపాను సీరియల్ పెట్టుకునేది. చెవుల్లో పెట్టుకునేవి ఎప్పుడూ ఎక్కడో ఒకచోట పారేసుకునేది కాబట్టి ఆ మాటలన్నీ నా వీపు మీద పడేవి. నాకు జపాను భాష ఒక్క ముక్క రాదు. అయినా నెల తిరగకముందే ఒక గొంతును గుర్తుపట్టాను. మిగతావాళ్ళంతా ఎదుటి మనిషి మాట పూర్తి కాకముందే అందుకునేవాళ్ళు. ఈ గొంతు ఆగేది. చెప్పిన మాట చెవిలోంచి లోపలికి దిగి, అక్కడ దేన్నో కదిలించి, మళ్ళీ పైకి రావడానికి ఎంతసేపు పడుతుందో అంతసేపు ఆగేది. ఒక్కోసారి జవాబే ఉండదు, ఊపిరి మాత్రం వినపడుతుంది. అప్పుడు నేను నాకు తెలియకుండానే బండి నెమ్మది చేసేవాణ్ణి.

ఒకరోజు అడిగాను, ఆ ఆగి మాట్లాడే పిల్ల ఎవరమ్మా అని. అమ్మాయి ఆశ్చర్యపోయింది. ఆ సీరియల్లో ఆమెకు చెప్పుకోదగ్గ వేషమే లేదంది. నూడుల్స్ అంగడి యజమాని కూతురట, వారానికి నాలుగు మాటలట. నాలుగు మాటలే అయినా వాటికోసం నేను నెల రోజులుగా చెవి పెట్టుకుని కూర్చున్నానని చెబితే నవ్వింది.

నా సంగతి కొంచెం చెప్పాలి. మాది రాయచోటి పక్క పల్లె. ఐదో తరగతితో బడి ముగిసింది. మీసాలు సరిగ్గా రాని వయసులో కువైట్ వచ్చి, అర్దియాలో ఒక లాండ్రీలో ఏడేళ్ళు ఇస్త్రీ చేశాను. తర్వాత ఈ ఇంట్లో డ్రైవరుగా చేరి ఇక్కడే ముసలివాణ్ణయ్యాను. ఇంటావిడను పనివాళ్ళందరూ మామా అంటారు, అరబ్బీలో అమ్మ అని. ఆమె నాకంటే పదిహేనేళ్ళు చిన్నది. నేనూ మామా అనే అంటాను. ఆ ముచ్చట ఇంకోసారి.

అరబ్బీ నాకు ఎవరూ నేర్పలేదు. అక్షరాలు అంగడి బోర్డులు చూసి నేర్చుకున్నాను. మాటలు ఈ అమ్మాయి చిన్నప్పుడు చూసిన జపాను బొమ్మల సినిమాల నుంచి వచ్చాయి. వాటిని గ్రాంథిక అరబ్బీలోకి మార్చి టీవీలో వేసేవాళ్ళు. పాపను కనిపెట్టుకుని గుమ్మం దగ్గర కూర్చున్నవాణ్ణి, అందులో కత్తులు తిప్పే వీరులు ఎట్లా మాట్లాడితే అట్లా నేర్చుకున్నాను. కూరగాయల అంగట్లో నేను నోరు తెరిస్తే జనం తిరిగి చూస్తారు. మనవైపు ఎవడైనా సంతలో నిలబడి “ఓయీ, వంకాయల వెల యెంత” అన్నాడనుకోండి, అట్లా ఉంటుంది నా అరబ్బీ. నవ్వేవాళ్ళు నవ్వారు. నాకు మాత్రం లోపల గర్వమే. తప్పు లేకుండా మాట్లాడతానని.

అమ్మాయి తన పాత ట్యాబ్లెట్ నాకిచ్చింది. అప్పటినుంచి గేటు పక్క నా గదిలో మధ్యాహ్నంపూట ఆ జపాను పిల్ల వేసినవన్నీ అరబ్బీ అక్షరాలు కింద చదువుకుంటూ చూశాను. నూడుల్స్ అంగడి తర్వాత ఒక ఆసుపత్రి కథలో మంచాల దుప్పట్లు మార్చే పిల్ల. తర్వాత హీరోయిన్ చెల్లెలు. తర్వాత ఒక సినిమాలో లిఫ్టు దగ్గర నిలబడి వచ్చేపోయేవాళ్ళకు వంగి దండం పెట్టే ఉద్యోగం. ఆ వేషంలో సినిమా మొత్తానికి ఆమె వంగడం తప్ప చేసిందేమీ లేదు. కానీ పొద్దున వంగినప్పుడు నడుము దగ్గర వంగింది, సాయంత్రం వంగినప్పుడు మెడ దగ్గర వంగింది. ఎనిమిది గంటలు నిలబడిన మనిషికి నడుము వంగదు. ఇది కనిపెట్టడానికి డిగ్రీ అక్కరలేదు, నిలబడి బతికి ఉంటే చాలు.

ఎనిమిదేళ్ళు ఇట్లా గడిచాక లాండ్రీ కథ వచ్చింది. పల్లె నుంచి పట్నం వచ్చి లాండ్రీలో పనిచేసే పిల్ల వేషం. ఆ ఒక్క సీరియల్‌తో జపానంతా ఆమె పేరే చెప్పుకున్నారు. ఏదో పెద్ద బహుమతి కూడా వచ్చింది. ఫోనులో రాసేవాళ్ళు రాత్రికి రాత్రే తార పుట్టిందని రాశారు. దైవదత్తమైన ప్రతిభ అన్నారు. నాకు ఒళ్ళు మండింది. ఎనిమిదేళ్ళు దుప్పట్లు మార్చిన చేతుల్ని చూడనివాడికి అది రాత్రికి రాత్రే కాక ఇంకేం కనపడుతుంది. దేవుడిచ్చాడంటే చేసినవాడి కష్టం లెక్కలోకి రాదు, అదొక సుఖం చూసేవాళ్ళకు.

లాండ్రీ అంటే నా సొంత పొలం లాంటిది. తప్పు పట్టుకుందామనే కూర్చున్నాను. సినిమాల్లో ఇస్త్రీ చేసే ప్రతివాడూ ఒక తప్పు చేస్తాడు. పెట్టెను పక్కన పెట్టేటప్పుడు ఎక్కడ పెడుతున్నాడో అటు చూస్తాడు. పనివాడు చూడడు. కన్ను బట్ట మీదే ఉంటుంది, చేతికి దారి తెలుసు. ఆ పిల్ల చూడలేదు. కాలరు ముందు తిప్పి లోపలివైపు రుద్దింది, తర్వాత పైవైపు. మధ్యలో ఎడమ ముంజేతిని ఒకసారి నాలుకతో తడుపుకుంది. కథలో దాని గురించి మాటే లేదు. అక్కడ పెట్టె అంచు తగిలి కాలుతుంది. అర్దియాలో మా అందరి చేతుల మీదా అదే చోట మచ్చ. తర్వాత అమ్మాయి ఎక్కడో చదివి చెప్పింది, ఆ పిల్ల ఆ వేషం కోసం రెండు నెలలు ఒక లాండ్రీలో పనికి కుదురుకుందని. నాకు చెప్పక్కర్లేదమ్మా, ముంజెయ్యి తడుపుకోవడం చూశాను అన్నాను.

ఆ కథలో అందరూ చెప్పుకునే ఘట్టం ఒకటుంది. లాండ్రీకి ఫోను వస్తుంది. ఊళ్ళో తండ్రి ఆఖరి ఘడియల్లో ఉన్నాడు. ఆ పిల్ల విని, సరే అని ఫోను పెట్టేసి, బల్ల మీద సగం అయిన చొక్కా పూర్తి చేస్తుంది. మడత పెడుతుంది. బొత్తాం పెడుతుంది. చెప్పులు తొడుక్కోవడానికి కూర్చుని, ఏ కాలికి ఏది వేయాలో తెలియక రెండు చెప్పులూ చేతుల్లో పట్టుకుని ఉండిపోతుంది. అంతే. కన్నీటి చుక్క లేదు. కువైట్ రాకముందు, పిల్లకాయగా ఉన్నప్పుడు మా ఊరి వీధినాటకాలకు నేను తెర పట్టేవాణ్ణి. మావాళ్ళు ఏడిస్తే ఆఖరి వరుసలో పడుకున్నవాడు లేచి కూర్చోవాల. దానికి దాని లెక్క ఉంది. దీని లెక్క వేరు. మా ఇంట్లో గురువారం సాయంత్రం ఆడవాళ్ళంతా కలిసి ఆ ఘట్టం చూశారు. మామా ఎక్కెక్కి ఏడ్చిందట. ఈ సంగతి నాకు చెప్పింది వంటపిల్ల, టిష్యూ పెట్టె అందించింది ఆ పిల్లే.

వంటపిల్ల అంటే ముప్పై దాటిన మనిషే. కోనసీమ నుంచి వచ్చి రెండేళ్ళయింది. నన్ను బాబాయ్ గారూ అంటుంది. వాళ్ళ మాటలోని అండీలు నాకు మొదట వేళాకోళంలా వినపడేవి, తర్వాత అలవాటైంది. పొద్దున పదింటికి గేటు దగ్గరికి టీ పంపేది.

గురువారం సీరియల్ అయింది. పై వారంలో వంటపిల్లకు ఊరి నుంచి తమ్ముడు ఫోను చేశాడు. తల్లికి కాళ్ళకు నీరు దిగింది, పొట్టకు పట్టింది, డాక్టరు ఇక ఇంటికి తీసుకుపొమ్మన్నాడు. చూడాలంటే త్వరగా రమ్మన్నాడు. ఆ పిల్ల ఫోను పెట్టేసి చేప వేయించడం పూర్తి చేసింది. పళ్ళెంలో పేర్చి బల్ల మీద పెట్టి, అప్పుడు మామాకు చెప్పింది. తల్లికి బాగాలేదు, ఒక నెల సెలవు కావాలి. పాస్‌పోర్టు మామా బీరువాలో ఉంది. మామా ఆమె ముఖంలోకి చూసి, కుల్లు తమ్సీల్ అంది. అంతా నటన అని.

మామా చెడ్డ మనిషి కాదు. కానీ ఆమెకొక లెక్క ఉంది. అంతకుముందున్న పనిమనిషి తల్లి పోయిందని నేల మీద పడి దొర్లి ఏడ్చింది, సెలవు మీద పోయింది, తిరిగి రాలేదు. అంతగా ఏడ్చిందే అబద్ధమైతే, అసలు ఏడవనిది ఎంత అబద్ధమో అని మామా లెక్క. ఆ సాయంత్రమే మళ్ళీ అడిగితే మళ్ళీ తమ్సీల్. మర్నాడూ అంతే. ఆ మాట ఆ పిల్లకు అరబ్బీలో బాగా వచ్చిన మొదటి మాట అయింది.

తమ్సీల్ అనే మాటను తిట్టుగా వాడటం నాకు గిట్టదు. ఎనిమిదేళ్ళు ఒక పిల్ల వంగీ వంగీ నేర్చుకున్న పనికి ఆ పేరే, మోసానికీ ఆ పేరే. మన తెలుగులో కూడా తక్కువేం కాదు, నాటకాలాడుతున్నావా అంటాం. అయినా అప్పుడు నాకు మాటతో పని లేదు, ఆ పిల్ల తల్లిని చూడటంతో పని. గేటు దగ్గర నిలబెట్టి చెప్పాను.

“ఒకతూరి ఏడువు పాపా. ఆయమ్మకు కండ్లనీళ్ళు కనపడాల. ఏడిస్తే ఏం పోతాది?”

“అమ్మ పోద్దండి,” అంది ఆ పిల్ల. “బతికున్న మనిషికి ఏడవకూడదండి బాబాయ్ గారూ. ఆయువు తరిగిపోద్దంటారు మావైపు. మా తమ్ముడి పెళ్ళాం ఆ ఇంట్లో ముక్కు చీదినా మా పిన్ని కేకలేస్తదండి.”

ఇట్లాంటివి నేను నమ్మను. చదువుకోకపోయినా ఆలోచించడం నేర్చుకున్నవాణ్ణి. ఏడుపుకూ ఆయువుకూ ఏం సంబంధమని పావుగంట వాదించాను. ఆ పిల్ల అంతా విని, టీ గ్లాసు నా చేతిలోంచి తీసుకుంటూ అంది.

“మరి ఆ జపానమ్మాయి ఏడవలేదు కదండీ. ఆవిడ ఏడవకపోతే మామాగారు అంత ఏడ్చేరు. నేనేడవకపోతే నమ్మరాండి?”

“ఆయమ్మి నటి కదమ్మా.”

“అదే కదండీ నేననేది. ఏడిపించడానికి ఆవిడకి జీతమిస్తారు. నాకు చేపలేయించడానికిస్తారండి.”

గ్లాసు తీసుకుని లోపలికి పోయింది. 

నాలుగో రోజు మామాయే ఒక దారి చెప్పింది. వీడియోలో తల్లిని చూపించు, నా కళ్ళతో చూస్తాను అంది. న్యాయమే అనిపించింది. ఆ పిల్ల అరబ్బీ వంటింటి వరకే, కాబట్టి మాట మార్చడానికి నన్ను పిలిచారు. నేను వంటింటి గుమ్మం దగ్గర నిలబడ్డాను. మామా ఫోను చేతిలో పట్టుకుంది. కోనసీమలో తమ్ముడు ఫోను ఎత్తాడు.

తెర మీదికి ఆ తల్లి వచ్చింది. ఎర్రంచు చీర, ఇస్త్రీ మడతలు కూడా పోలేదు. పాపిట తీసి నున్నగా దువ్విన తల. ముఖానికి పౌడరు, రూపాయంత బొట్టు. కుర్చీలో నిటారుగా కూర్చుని రెండు చేతులూ ఎత్తి నమస్కారం పెట్టింది. కూతురు పనిచేసే ఇంటి గొప్పావిడ చూస్తుందని ముందే చెప్పారు కదా, పెళ్ళివారి ముందు కూర్చున్నట్టు కూర్చుంది.

ఆరోగ్యం ఎట్లా ఉందని మామా అడిగింది. నేను ఆ ప్రశ్న తెలుగులో సగం అన్నానో లేదో జవాబు వచ్చేసింది.

“నాకేటీ నలత లేదండి అమ్మగారూ. కాస్త నీరసం, అంతేనండి. పిల్లని కంగారు పడొద్దని చెప్పండి. మీ ఇల్లు కనిపెట్టుకుని ఉండమనండి.”

నేను ఆ మాటలను పొల్లు పోకుండా అరబ్బీ చేశాను. నాకు ఆ గర్వం ఉంది కదా, ఉన్నది ఉన్నట్టు చెబుతానని. మాషా అల్లా అంది మామా, జైనా అంది, బాగానే ఉంది కదా అని. ఖలాస్, ఇక అయిపోయింది అని ఫోను ఆ పిల్ల చేతిలో పెట్టి వెళ్ళిపోయింది. ఆ పిల్ల ఫోను వైపు చూసి, ఎందుకమ్మా అట్లా అన్నావు అని కూడా అడగలేదు. పోయి గిన్నెలు తోముకుంది.

నేను బయటికి వచ్చి కారు కడగడం మొదలుపెట్టాను. పైపు పట్టుకున్నానన్నమాటే గానీ చెవిలో ఆ తల్లి గొంతే తిరుగుతోంది. ఆ జవాబు ముందే వచ్చింది. నా ప్రశ్న పూర్తి కాలేదు, ఆమె ఆగలేదు. మాట లోపలికి దిగి రాలేదు. బట్టీపట్టి గొంతు దగ్గర సిద్ధంగా పెట్టుకున్నది బయటపడింది. వేషం కొత్తగా కట్టినవాళ్ళు అట్లాగే చెబుతారు, మరిచిపోతామేమోనన్న భయంతో. ఇంకోటి కూడా అప్పుడు గుర్తొచ్చింది. తెర కింది మూలలో ఆ తల్లి చంక కింద నాలుగు వేళ్ళు కనపడ్డాయి. అవి ఆమెవి కావు. వెనక నుంచి ఎవరో, కోడలేనేమో, ఆమె కూలబడిపోకుండా ఎత్తి పట్టుకుని ఉంది. చూశాను, చూసి కూడా చెప్పలేదు. అడిగినదానికే జవాబు అరబ్బీ చేస్తూ కూర్చున్నాను.

పైపు కట్టేసి వంటింట్లోకి పోయాను. మామా ఫ్రిజ్ దగ్గర ఉంది. ఆ పిల్ల సింకు దగ్గర. నేను మనసులో వాక్యం కూర్చుకున్నాను, కర్త, క్రియ అన్నీ సరిగ్గా. ఆ తల్లి ఆరోగ్యంగా ఉన్నట్టు నటించింది, పరువు కోసం అని చెప్పాలి. నా బొమ్మల సినిమా అరబ్బీలో మొదలుపెట్టాను, అల్ ఉమ్ము తుమస్సిల్, తల్లి నటిస్తోంది అని. అక్కడ ఊపిరి తీసుకున్నాను. వీరులు అట్లాగే మాట్లాడతారు, ఒక వాక్యం చెప్పి ఆగుతారు.

మామా నా రెండో వాక్యం కోసం ఆగలేదు. చూశావా, మీ ఊరివాడే చెబుతున్నాడు, తల్లి కూడా తమ్సీలే అంది ఆ పిల్లతో. ఇంక ఈ మాట ఈ ఇంట్లో ఎత్తొద్దంది. నేను కాదు కాదు అంటూ వెనకపడ్డాను. మామా మెట్లెక్కి వెళ్ళిపోయింది. మామా అన్న అన్ని మాటల్లో ఆ పిల్లకు అర్థమైంది ఒకే మాట. ఆ ఒక్క మాటా ఆమెకు బాగా తెలిసిన మాట.

“మీకు అరబ్బీ ఎక్కువొచ్చేసిందండి బాబాయ్ గారూ,” అంది, సింకు వైపు నుంచి తిరగకుండా.

ఆ తర్వాత రెండు రోజులు గేటుకు టీ రాలేదు. నేను గుమ్మం దాకా పోయి చెప్పబోతే, నూనె కాగుతోందండి, చిందుతది జరగండి అనేది. నాకు కోపం వచ్చింది. ఆ పిల్ల మీద, ఆ మాట మీద, అన్నిటికంటే ముందు నా మీద. పల్లెల నుంచి వచ్చిన మొరటు డ్రైవర్లు, పది మాటలు వచ్చినవాళ్ళు, “మామా, ఉమ్మ్ మరీద్, మౌత్” అని ముక్కలు పారేస్తారు. తల్లి, జబ్బు, చావు. వాళ్ళకు పని అవుతుంది. నేను వ్యాకరణం పెట్టుకుని ఒక తల్లిని దొంగను చేశాను.

మూడో రోజు యూనివర్సిటీకి పోతుంటే కారులో అమ్మాయి అడిగింది. వంటపిల్ల తల్లి నటిస్తోందని నువ్వు అన్నావట, అమ్మ చెప్పింది, నిజమేనా అని. నేను బండి రోడ్డు పక్కకు తీసి ఆపాను. ఈసారి వాక్యాలు కూర్చలేదు. జవాబు ముందే వచ్చిన సంగతి చెప్పాను, చంక కింద వేళ్ళ సంగతి చెప్పాను. లేని ఓపిక ఉన్నట్టు చేసిందమ్మా ఆ తల్లి, జబ్బు ఉన్నట్టు కాదు అన్నాను. ఆ అమ్మాయి ఎన్నేళ్ళుగానో ఆ జపాను పిల్ల ముఖంలో కనురెప్ప కదలిక కోసం వెనక్కి తిప్పి తిప్పి చూసే మనిషి. వేళ్ళు ఏ వైపున ఉన్నాయి అని అడిగింది. కుడి వైపు అన్నాను.  క్లాసు పోతే పోనీ, ఇంటికి తిప్పు అంది.

ఇంట్లో తల్లీకూతుళ్ళకు పై అంతస్తులో పెద్ద వాదన జరిగింది. కింద మాకు గొంతులు మాత్రం వినపడ్డాయి. చివరికి మామా ఒప్పుకున్నదేమిటంటే, ఇంకొకసారి చూస్తాను, కానీ ఈసారి ముందు చెప్పకూడదు. ఉన్నపళంగా చూపించాలి.

ఈ సంగతి ఆ పిల్లకు చెప్పాల్సింది నేనే. వంటింట్లో అమ్మాయి కూడా పక్కనే నిలబడింది. నా రెండో వాక్యం ఏమిటో ఇప్పుడు తెలుగులో చెప్పాను. ఆ పిల్ల విన్నది. నన్ను క్షమించినట్టుగానీ క్షమించనట్టుగానీ ఏమీ లేదు. ఉల్లిపాయ తొక్క చేతిలో నలుపుతూ ఉండిపోయింది.

“మా అమ్మ సుస్తీగా ఉన్నప్పుడు ఎదురింటివాళ్ళని కూడా గడప ఎక్కనివ్వదండి. అట్టా ఉన్నప్పుడు చూపించేస్తే నన్ను జన్మలో…” అని ఆపేసింది.

చూపించకపోతే పోలేవు అని నేను అనలేదు. అనాల్సిన పని లేదు, ఆమెకు తెలుసు.   తర్వాత ఆ పిల్ల చేతులు కడుక్కుని, తువ్వాలుతో తుడుచుకుని, తమ్ముడికి ఫోను చేసింది.

“ఒరేయ్, ఇది అమ్మకి చెప్పకు. ఫోను పట్టుకుని లోపలికెళ్ళు. ఆగకు. మామాగారు చూస్తన్నారు, నువ్వేం మాట్లాడకు.”

మామా కిందికి వచ్చి ఫోను అందుకుంది. తెర మీద ముందు గోడ, తర్వాత తలుపు, తర్వాత మంచం. ఆ తల్లి ఒక పక్కకు ఒరిగి పడుకుని ఉంది. చీర కాదు, పాత నైటీ. కాళ్ళు దుప్పటిలోంచి బయటికి ఉన్నాయి, నీరు పట్టి మెరుస్తున్నాయి. నోరు తెరిచి ఊపిరి తీస్తోంది. కొడుకు చేతిలో ఫోను ఉందని ఆమెకు తెలియడానికి కొంతసేపు పట్టింది. తెలిసీ తెలియగానే చేతిని ముఖం మీదికి తెచ్చుకోబోయింది. చెయ్యి సగంలో ఆగిపోయింది, పైకి రాలేదు. నేను తల తిప్పుకున్నాను. ఇన్నేళ్ళుగా నటన అంటే ఇది, కాదు అది అని వాదించే నాకు, ఆ చూపించడం దొంగతనంలా అనిపించింది. ఆ ముసలామె ఒప్పుకుని వేసిన వేషం మొదటిది. ఇది ఆమెను అడక్కుండా తెర ఎత్తేయడం.

మామా ఫోను తిరిగి ఇచ్చేసింది. ఆ పిల్ల మీద కేకలేసింది. ఇట్లా ఉందని ముందే ఎందుకు చెప్పలేదు, ఇన్ని రోజులు ఏం చేస్తున్నావు అని. ఏడు రోజులుగా చెబుతూనే ఉంది కదా అని నేను అనబోతే అమ్మాయి నా చొక్కా చెయ్యి పట్టుకుంది. సాయంత్రానికి పాస్‌పోర్టు, టికెట్ కాగితం వంటింటి బల్ల మీద ఉన్నాయి. పిల్ల చేతిలో పెట్టడానికి మామా కిందికి రాలేదు. దానికి కారణం గర్వమో సిగ్గో నాకు తెలియదు.

మర్నాడు మధ్యాహ్నం నేనే విమానాశ్రయానికి దింపాను.  దారిలో ఆ పిల్ల, ఫ్రీజర్లో చేపలు శుభ్రం చేసి పెట్టిన సంగతి మామాకు చెప్పమంది. నా గదిలో టీ పొడి డబ్బా పెట్టానంది. దిగేటప్పుడు, నేను ఆ రోజు అన్న మాట మనసులో పెట్టుకోకండి బాబాయ్ గారూ అంది. పెట్టుకోవాల్సిన మాటే పాపా అన్నాను.

నాలుగు రోజులు ఏ కబురూ లేదు. అమ్మాయి రోజూ కారెక్కగానే అడిగేది. మామా ఒక్కసారి అడిగింది, అదీ తిరిగి ఎప్పుడు వస్తుందని. ఐదో రోజు మధ్యాహ్నం నా ఫోనుకు ఆ పిల్ల గొంతు వచ్చింది. వెనక ఎక్కడో కోడి, బిందె చప్పుడు. నేను ఆ సందేశాన్ని చాలాసార్లు విన్నాను కాబట్టి ఉన్నది ఉన్నట్టు రాస్తున్నాను.

“బాబాయ్ గారూ, వచ్చేసేనండి. అమ్మ ఉందండి. నన్ను చూసి ముందు తమ్ముణ్ణి తిట్టిందండి, ఫోను చూపించేడని. తర్వాత చూపించమన్నది నేనేనని తెలిసింది. మూడు రోజులు నాతో మాట్లాడలేదండి. గోడవైపు తిరిగి పడుకుంది. జావ పట్టుకెళ్తే మరదలు చేత ఇప్పించమనేది. ఇవాళ మరదలు పుట్టింటికెళ్ళిందండి. గ్లాసు పట్టుకుని కూర్చున్నాను. చాలాసేపు కూర్చున్నాను. ఇందాక నా చేత్తో తాగిందండి. మాటాడలేదు గానీ, గ్లాసుడూ తాగిందండి.”

సాయంత్రం కారులో అమ్మాయికి ఇది చెప్పాను. గ్రాంథికంలో కాదు, వచ్చిన ముక్కల్లో. తల్లి, కోపం, మూడు రోజులు, ఇవాళ తాగింది. అమ్మాయి విని, అయితే కోపం పోయినట్టేనా అని అడిగింది. నాకు తెలియదన్నాను. మళ్ళీ అడిగింది, నువ్వేమనుకుంటున్నావు అని. గ్లాసుడూ తాగిందని చెప్పింది, నాకు అంతవరకే తెలుసు అన్నాను.